దినపత్రికల అభిలషణీయ పంపిణీ

నాకు చాలా ఏళ్లుగా ఒక సందేహం ఉంది. రోజూ తెల్లవారుతూనే స్నానం చేసి, దీపం పెట్టి, స్వామికి నా చిన్న కోరికలు రెండో మూడో విన్నవించుకుంటాను. ఆ సమయానికి మా వీధిలో ఇంకో పాతికమంది, దేశంలో కోట్లమంది అదే పనిలో ఉంటారు. ఇన్ని మొరలు ఆయన ఏ వరసలో వింటాడు? ముందు వచ్చినవాడిది ముందా, గట్టిగా పిలిచినవాడిది ముందా? పెద్ద కష్టం ఉన్నవాడిది ముందంటే, కష్టాలను కొలిచే కొలత ఏది? మా గురువుగారిని ఒకసారి అడిగాను. "నీ దీపంలో నూనె ఉందో లేదో ముందు చూసుకో" అన్నారు. చూసుకున్నాను. నూనె ఉంది. సందేహమూ అలాగే ఉంది.

ఈ చిక్కుముడిని మా ఊరి శాఖా గ్రంథాలయం విప్పబోతోందని తెలిసినప్పుడు నేను సంతోషించిన మాట నిజం. నేను చదివింది ఎనిమిదో తరగతి. పసుపు, కుంకుమ, కర్పూరం అమ్ముకునే చిన్న కొట్టు నాది. పొద్దున ఎనిమిది నుంచి పదిన్నర దాకా కొట్టు మా ఆవిడ చూసుకుంటుంది, నేను గ్రంథాలయంలో పేపరు చదువుకుంటాను. ముప్పై ఏళ్లుగా ఇదే నడుస్తోంది.

మా గ్రంథాలయానికి ఐదు దినపత్రికలు వస్తాయి. పాఠకులం ఇరవైమందిమి. గ్రంథపాలకురాలు సుగుణమణిగారు తలుపు తీసి, పేపర్లను షీట్లుగా విడదీసి పొడుగు బల్ల మీద పరుస్తారు. చేతికి అందిన షీటు చదువుకోవడమే. మనకు కావలసింది మరొకరి చేతిలో ఉంటే అతని పక్కన నిలబడి "తమరయ్యాక నాకు" అనాలి. ఆ మాటతో షీటు మీద మన వంతు పడిపోతుంది. నా తర్వాత వచ్చినవాడు "శంభులింగంగారయ్యాక నాకు" అంటాడు. అవసరం ఉన్నవాడు కనిపిస్తే "పోనీ, నా వంతు మీరు తీసుకోండి" అని ఇచ్చేయవచ్చు. ఈ పద్ధతి ఏ కాగితం మీదా లేదు. నేను చూస్తుండగా ఒక్కనాడూ తప్పలేదు.

మార్చి ఆఖరి వారంలో గ్రంథాలయం ముందు వ్యాను ఆగింది. అందులోంచి పద్నాలుగు పెట్టెలు దిగాయి. నిర్ణయాలు తీసుకోవడానికి గణిత ప్రణాళిక ఎలా వాడాలో, ఉన్నదానితో అత్యధిక ఫలితం ఎలా రాబట్టాలో చెప్పే పుస్తకాలట. మొత్తం రెండువందల పది. అన్నీ ఇంగ్లీషువి, అన్నీ ఇటుకలంత లావు. ఆర్థిక సంవత్సరం ముగిసేలోగా నిధులు ఖర్చు కావాలి కాబట్టి పంపారు.

సుగుణమణిగారు రసీదు మీద సంతకం పెడుతూ, "నేను అడిగింది ఒక ఫ్యాను" అన్నారు.

వాటికి చోటు చాలక భక్తి పుస్తకాలనూ నవలలనూ గోనెసంచుల్లో కట్టి మెట్ల కింద పడేశారు. ఆరు నెలలు గడిచాయి. కొత్త పుస్తకాల్లో ఒక్కటి మాత్రం బయటికి వెళ్లింది. రిటైరైన బస్సు కండక్టరు దాలినాయుడు తీసుకెళ్లాడు. గాలికి వాళ్లింటి వీధితలుపు కొట్టుకుంటోందట.

కొన్న పుస్తకం ఆరు నెలల్లో ఎవరూ చదవకపోతే ఎందుకు కొన్నారో ఆడిట్‌కు సంజాయిషీ ఇవ్వాలని ఒక నిబంధన ఉంది. దాంతో జిల్లా కేంద్రం నుంచి పఠన సంస్కరణల ప్రత్యేకాధికారి చిదానందంగారు స్వయంగా వచ్చారు. నున్నగా దువ్విన జుట్టు, చంకలో ఫైలు. మమ్మల్నందరినీ కూర్చోబెట్టి మాట్లాడారు.

"పాఠక మహాశయులారా! ఈ గ్రంథములను ఎవరూ చదవడం లేదన్న విషయం శాఖ దృష్టికి వచ్చింది. చదవనవసరం లేదు. వీటిని ఈ గ్రంథాలయంలోనే అమలుపరుస్తాం. అమలైన గ్రంథాన్ని చదివిన గ్రంథంగా పరిగణించుటకు ఆడిట్ వారు మౌఖికంగా సమ్మతించారు."

"అమలంటే ఏటండీ, మా మీదేనా?" అన్నాడు దాలినాయుడు.

"మీ ప్రయోజనార్థమే."

"అదేనండి నా బయ్యం."

చిదానందంగారు నవ్వలేదు. బల్ల దగ్గర మేము వంతుకోసం ఎదురుచూడటం ఆయన కళ్లారా చూశారట. అది అశాస్త్రీయమట. "మన లక్ష్యం పాఠకుని నిరీక్షణ కాలమును కనిష్ఠం చేయుట. కొన్ని పరిమితులకు లోబడి ఆ పని చేసెదము" అన్నారు.

"పరిమితులంటే ఏమిటండీ?" అని నేను అడిగాను. నాకు నిజంగానే తెలుసుకోవాలని ఉంది.

"షీట్లు ముప్పైనాలుగు. సమయం మూడు గంటలు. పాఠకులు ఇరవైమంది. వీటిలో షీట్లు పెంచుటకు నిధులు లేవు. సమయం పెంచుటకు సిబ్బంది లేరు." ఆయన మా అందరి మొహాలూ ఒకసారి కలయజూశారు. "మిగిలినది మీరు."

మర్నాటి నుంచి 'పుట ప్రాధాన్యతా పత్రం' వచ్చింది. రేపు ఏ పుట చదవాలని ఉందో ఈ రోజే నింపి ఇవ్వాలి. మొత్తం నూరు మార్కులు, ఇష్టాన్ని బట్టి పుటలకు పంచాలి. నేను భక్తి పుటకు అరవై, వాతావరణానికి ఇరవై, వధూవరుల ప్రకటనలకు ఇరవై వేశాను. మా చెల్లెలి మనవడికి సంబంధాలు చూస్తున్నారు.

గౌరయ్య కాగితం దగ్గర చిక్కొచ్చింది. గౌరయ్య గొడుగులూ స్టవ్వులూ బాగుచేస్తాడు. పాత బెల్లం మార్కెట్టు వీధిలో ఒంటిగది ఇల్లు, ముందు అరుగు. గదిలో కాపురం, అరుగు మీద పని. రోడ్డు వెడల్పు చేస్తామని రెండేళ్ల కిందట మునిసిపాలిటీ వాళ్లు వచ్చి అతని గోడమీద ఎర్రరంగుతో ఒక అంకె వేసి వెళ్లారు. ఆ అంకె ప్రకారం అరుగంతా, గదిలో సగమూ పోతాయి. పేపర్లో ప్రకటన వేశాక ఏడు రోజుల్లో అభ్యంతరం రాసిస్తే పిలిచి విచారిస్తారు. రాయకపోతే ఒప్పుకున్నట్టే లెక్క. ప్రకటన ఎప్పుడు వేస్తారో, ఏ పేపర్లో వేస్తారో ముందుగా ఎవరూ చెప్పరు. ఐదు పేపర్లూ దొరికే చోటు గ్రంథాలయం ఒక్కటే కాబట్టి గౌరయ్య రెండేళ్లుగా రోజూ వచ్చి, కూడబలుక్కుంటూ, ఐదింటిలోనూ మునిసిపాలిటీ ప్రకటనలు చూసుకుని పోతున్నాడు.

అతను కాగితం మీద "ప్రకటన పడిన పుట, నూరు" అని రాశాడు.

"ఇది చెల్లదు. ఏ పత్రిక, ఎన్నో పుట?" అన్నారు చిదానందంగారు.

"అది తెలిస్తే నాను రోజూ ఎందుకొత్తాను బావూ? ఆ పత్రిక ఒకటి కొనుక్కుందును గాదా?"

"తెలియనిదానిని కోరుటకు ఈ పత్రంలో గడి లేదు."

గౌరయ్యకు పదిహేడో నంబరు ఇచ్చి, క్రీడల పుట కేటాయించారు.

మా కాగితాలన్నీ జిల్లా కార్యాలయానికి వెళ్లి, అక్కడి కంప్యూటరు లెక్కగట్టి, ఎవరికి ఏ షీటో పట్టిక పంపాలి. మొదటిరోజు పట్టిక పదీ నలభైకి వచ్చింది. గ్రంథాలయం మూసేది పదకొండుకు. పట్టిక రాకుండా పేపరు ముట్టుకోకూడదు కాబట్టి రెండు గంటల నలభై నిమిషాలు అందరం చేతులు కట్టుకుని ఐదు పేపర్ల ఎదురుగా కూర్చున్నాం. చివరికి నాకు షేర్ల ధరల షీటు వచ్చింది. భక్తి పుట దాలినాయుడికి వెళ్లింది.

"అయ్యా, నేను భక్తికి అరవై వేశానండీ" అన్నాను చిదానందంగారితో.

"ఇరవైమంది తృప్తిని కూడగా వచ్చిన మొత్తం గరిష్ఠంగా ఉంది. అందులో మీ వాటా సున్నా అయినంత మాత్రాన మొత్తానికి లోటు లేదు."

ఆ రాత్రి దేవుడి మందిరం ముందు కూర్చుని ఆలోచించాను. లోకంలో ఉన్న తృప్తి మొత్తం ఒకచోట కుప్పపోసి, బాగానే ఉందని ఆయన కూడా అనుకుంటున్నాడేమో. అలా అనుకోడని నా మనసుకు తోచింది. ఋజువు చూపమంటే నా దగ్గర లేదు.

రెండోరోజు బల్ల కింద నుంచి నేను దాలినాయుడికి షేర్లు ఇచ్చి భక్తి పుచ్చుకున్నాను. మూడోరోజుకి మెమో వచ్చింది. "షీట్లను పరస్పరం మార్చుకొనుట, చదివి వినిపించుట, పక్కవారి షీటులోనికి తొంగిచూచుట అభిలషణీయ పరిష్కారమునకు భంగకరము. అట్టివారి సభ్యత్వము రద్దగును."

"అబిలసనీయం అంటే ఏటండి, శంబులింగంగారూ?" అని దాలినాయుడు నా చెవిలో అడిగాడు.

"కోరుకోదగినది అని."

"ఎవులు కోరినారట?"

సుగుణమణిగారు తల ఎత్తారు. ఆవిడ ఎం.ఏ. చదువుకున్నారు. కొద్దిరోజులుగా ఆ పుస్తకాల్లో ఒకదాన్ని ముందేసుకుని కూర్చుంటున్నారు. "పుస్తకంలో తప్పేమీ లేదండీ. లెక్క ఎవరికోసం చేస్తున్నావో వాళ్ల దగ్గరికి వెళ్లి, వాళ్లకేం కావాలో ముందు అడుగు, ఆ తర్వాతే పెన్సిలు ముట్టుకో అని మొదటి అధ్యాయంలోనే ఉంది" అన్నారు.

"మరి సారు సదవలేదేటి?"

"శిక్షణ మూడు రోజులే ఇచ్చారట. సిలబస్ రెండో అధ్యాయం నుంచి."

నెల తిరిగేసరికి లెక్కలు పైకి వెళ్లాయి. పాత పద్ధతిలో పాఠకుడి సగటు నిరీక్షణ పదకొండు నిమిషాలు ఉండేది. కొత్త పద్ధతిలో నూట అరవై నిమిషాలు. చిదానందంగారు రెండు రోజులు ఆలోచించి లోపం పట్టుకున్నారు. నిరీక్షణ అనేది పాఠకుడు రిజిస్టరులో సంతకం పెట్టినప్పటి నుంచి మొదలవుతుంది. కాబట్టి పట్టిక వచ్చేదాకా గేటు తియ్యకూడదు. గేటు బయట నిలబడినవాడు పాఠకుడు కాడు, బాటసారి.

అప్పటి నుంచి మేము పదీ నలభై దాకా ఎండలో బాటసారులుగా ఉండి, ఆఖరి ఇరవై నిమిషాలు పాఠకులమయ్యేవాళ్లం. సగటు నిరీక్షణ నాలుగు నిమిషాలకు పడిపోయింది. జిల్లా నుంచి అభినందన ఉత్తరం వచ్చింది.

"చదువుకోవడానికి ఇరవై నిమిషాలు చాలడం లేదండీ" అని అందరి తరఫునా నేనే వెళ్లి చెప్పాను.

"పఠన కాలం మన లక్ష్యంలో లేదు. అయినా మీ బాధను సానుభూతితో పరిశీలించెదము."

పరిశీలించారు. పట్టిక ఆలస్యం కావడానికి కారణం పేపరు ఆ రోజుది కావడమేనని తేలింది. పేపర్లను ఆరు రోజులు బీరువాలో పెట్టి లక్కముద్ర వేస్తే, ఆలోగా తీరిగ్గా లెక్క పూర్తవుతుంది. ఆరు రోజుల కిందటి పేపరు ఎనిమిది గంటలకే పంచవచ్చు. వార్త పాతబడడం వల్ల పాఠకునిలో ఆందోళన కూడా తగ్గుతుందని ఉత్తర్వులో రాశారు.

"మామిడిపళ్లలాగ ముగ్గబెడతన్నారు" అన్నాడు దాలినాయుడు.

గౌరయ్య మాత్రం నవ్వలేదు. ఆ ఉత్తర్వు అతికించిన గోడ దగ్గరే చాలాసేపు నిలబడ్డాడు. తర్వాత సుగుణమణిగారి బల్ల దగ్గరికి వచ్చాడు.

"అమ్మా, నాకు గడువు ఏడు దినాలు. మీరు ఆరు దినాలు ముద్దరేసి దాస్తే నాకేటి మిగులుద్ది? ఆ పేపర్లు ఒక్కపాలి సూపించండమ్మా. సదవను, ముట్టుకోను, అలగ సూసేసి ఎలిపోతాను."

"ముద్ర నాది కాదు గౌరయ్యా. పొద్దున్నే జిల్లా గుమాస్తా వచ్చి వేసిపోతున్నాడు. విప్పితే నా ఉద్యోగం పోతుంది. టీకొట్టు దగ్గర చూస్తున్నావా?"

"అక్కడ ఒక్క పేపరే ఏత్తారు. మిగతా నాలుగు?"

ఆ తర్వాత గౌరయ్య లోపలికి వచ్చినప్పుడల్లా తనకిచ్చిన క్రీడల షీటు పక్కన పెట్టి, పాత అలవాటు కొద్దీ ఒక్కొక్కరి వెనకా నిలబడి "తమరయ్యాక నాకు" అనడం మొదలుపెట్టాడు. గడియారం పట్టుకుని కూర్చున్న గుమాస్తా దాన్ని నిరీక్షణ కింద రాసుకున్నాడు. వారం చివర నివేదిక వచ్చింది. పంతొమ్మిది మంది పాఠకుల నిరీక్షణ సున్నా. పదిహేడో నంబరు పాఠకుడిది మాత్రం రోజుకు డెబ్భై నిమిషాలు. ఆ నంబరు తొలగించినచో గ్రంథాలయం మొత్తం సున్నాకు చేరును.

తొలగించారు. గౌరయ్య సభ్యత్వ కార్డు సుగుణమణిగారే తీసుకోవలసి వచ్చింది. ఆవిడ చెయ్యి చాపలేకపోతుంటే అతనే బల్ల మీద పెట్టాడు.

"ఏటి సేత్తారమ్మా, లెక్క అలగ తేలింది."

ఆ రోజు నుంచి గేటు బయటే నిలబడేవాడు. మేము బయటికి వస్తూంటే ఒక్కొక్కరినీ అడిగేవాడు. "మా ఈది పేరు ఎక్కడైనా కనిపించిందా బావూ?" పక్కవారి షీటులోకి తొంగిచూడకూడదు కాబట్టి ఎవరి షీటులో ఏముందో వారికే తెలుసు. పంతొమ్మిది మందికి పంచగా పదిహేను షీట్లు ఎవరికీ కేటాయించకుండా మిగిలిపోయేవి. వాటిలో ఏముందో ఎవరికీ తెలియదు.

పద్దెనిమిదో తేదీన పరిశీలన బృందం వచ్చింది. మా గ్రంథాలయానికి 'నిరీక్షణరహిత' ధ్రువపత్రం ఇవ్వడానికి ముగ్గురు పెద్దలు కుర్చీల్లో కూర్చున్నారు. ఒకరి మెడలో పూలదండ ఇంకా ఉంది. ఎనిమిది గంటలకు పన్నెండో తేదీ పేపర్లు పంచారు. ఆ రోజు నాకు నాలుగో పత్రిక జిల్లా పుటల్లో లోపలి షీటు వచ్చింది. ఒక మూల చీమతలకాయలంత అక్షరాలతో మునిసిపాలిటీ ప్రకటన. పాత బెల్లం మార్కెట్టు వీధి, రోడ్డు విస్తరణ. ఇంటి నంబర్ల వరసలో గౌరయ్య నంబరు. అభ్యంతరములున్నచో ఈ నెల పద్దెనిమిదవ తేదీ సాయంత్రం ఐదు గంటలలోగా.

గేటు వైపు చూశాను. ఊచల అవతల గౌరయ్య తల కనిపిస్తోంది.

మాట చెబితే చాలు కదా అనుకుంటారేమో. ఉత్త మాట మీద మునిసిపాలిటీ వాళ్లు అభ్యంతరం పుచ్చుకోరు, పేపరు చూపించాలి. షీటు బయటికి తీసుకెళ్తే కార్డు రద్దు. పూజ తర్వాత నాకున్న ఒకే ఒక్క వ్యసనం ఈ బల్ల. నిజం చెబుతున్నాను, ఒక నిమిషం అక్కడే కూర్చుండిపోయాను.

అప్పుడు పుష్కరాలనాటి సంగతి గుర్తొచ్చింది. మా అమ్మకు గోదావరి స్నానం చేయాలని ఉండేది. ప్రత్యేక రైళ్ల వేళలు పేపర్లో వేశారని తెలిసి ఇక్కడికి పరుగెత్తుకొచ్చాను. గోడమీద అంకె పడకముందు కూడా గౌరయ్య అప్పుడప్పుడు పేపరుకు వచ్చేవాడు; ఆ షీటు కోసం గంట నుంచి కూర్చున్న అతని చేతికి అది అప్పుడే వచ్చింది. ఇంకా విప్పనైనా లేదు. నా మొహం చూసి, "ముందు మీరు సూడండి, నా వంతు మీది" అని ఇచ్చేశాడు. రైలు ఇంకో ముప్పావుగంటలో ఉంది. ఆ కంగారులో షీటు మడిచి జేబులో పెట్టుకుని పరుగెత్తాను. అమ్మ నదిలో మూడు మునకలు వేసింది. మరుసటి ఏడు పోయింది. ఆ షీటు నేను తిరిగి ఇవ్వలేదు. తర్వాత ఎన్నోసార్లు నా వంతు తీసుకోమన్నా గౌరయ్య ఒప్పుకోలేదు. "ఉండనియ్యండి, అవసరమైననాడు నానే అడుగుతాను" అనేవాడు.

ఈ రోజు అతను అడగలేడు. అతనికి తెలియదు.

లేచాను.

"కూర్చోండి. మీ పఠన కాలం ఇంకనూ ముగియలేదు" అన్నారు చిదానందంగారు, బృందం వైపు చూసి నవ్వుతూ.

"నాదయిపోయిందండీ. అయ్యాక ఇస్తానని ఒకరికి మాట ఉంది."

"ఎవరికి?"

"పదిహేడో నంబరుకు."

"పదిహేడో నంబరు ఈ లెక్కలో లేదు!"

"గేటు దగ్గర ఉన్నాడండీ" అన్నాను.

గుమాస్తా గడియారం వదిలేసి నాకు అడ్డం రాబోయాడు. సరిగ్గా అప్పుడే దాలినాయుడు కాళ్లు బారజాపాడు. గుమాస్తా వాటిని తట్టుకుని బల్ల పట్టుకున్నాడు. "కాలు తిమ్మిరెక్కిందండీ, ఏటనుకోకండి" అన్నాడు దాలినాయుడు. నేను వెళ్లేసరికి సుగుణమణిగారు గేటు గొళ్లెం తీసి పట్టుకున్నారు. అభ్యంతరం రాయడానికి ఆవిడ బల్ల మీది తెల్లకాగితాలు రెండు, పెన్నూ కూడా ఆవిడ చేతిలోనే ఉన్నాయి.

"నీ వంతు, గౌరయ్యా" అని షీటు ఇచ్చి, ప్రకటన మీద వేలు పెట్టాను. "ఈ రోజే ఆఖరు. ఐదింటిలోగా."

అతను కూడబలుక్కుని చదివాడు. ఇంటి నంబరు దగ్గరికి వచ్చేసరికి ఆగి, మళ్లీ మొదటి నుంచి చదివాడు. తర్వాత గేటు పక్క గట్టు మీదే కూర్చున్నాం. అతను చెబుతూంటే నేను రాశాను. గౌరయ్య వేలిముద్ర వద్దన్నాడు. నెమ్మదిగా, ఒక్కొక్క అక్షరమే సంతకం పెట్టాడు. షీటు మడిచి చొక్కా లోపల పెట్టుకుని మునిసిపాలిటీ వైపు నడిచాడు. పది అడుగులు వేశాక పరుగెత్తాడు.

లోపల బృందం ఆ రోజు లెక్క కట్టింది. నేను లేచిపోవడంతో పాఠకులు ఇంకొకరు తగ్గారు కాబట్టి ఫలితం మునుపటికంటే మెరుగ్గా వచ్చింది. పాఠకుల సంఖ్య తగ్గేకొద్దీ పరిష్కారం అభిలషణీయతకు చేరువగుచున్నదని పూలదండ పెద్దమనిషి స్వహస్తంతో రాశారు. నా కార్డుతో పాటు, కాళ్ల తిమ్మిరి ఉన్న కారణంగా దాలినాయుడి కార్డూ రద్దయింది. మిగిలినవారిని దశలవారీగా రద్దు చేయడానికి ప్రతిపాదనలు వెళ్లాయి. పండుగనాటికి మా గ్రంథాలయం పూర్తిగా నిరీక్షణరహితం అవుతుందని సుగుణమణిగారు చెప్పారు. ఫ్యాను కూడా అప్పటికే వస్తుందట.

నాలుగు గంటలకు నేను కొట్లో కర్పూరం పొట్లాలు కడుతున్నాను. గౌరయ్య వచ్చాడు. ఒళ్లంతా చెమట. చేతిలో ముద్ర వేసిన రసీదు.

"తీసుకున్నారా?"

"ముందర తీసుకోం అన్నారు. పేపరు సూపించాక తీసుకున్నారు. వచ్చే నెల ఇచారణకి పిలుత్తారట. ఇల్లు ఉంటదో పోద్దో తెలీదు గానీ, ఒప్పుకున్నాడని ఇప్పుడు ఎవుడూ రాయలేడు." రసీదు రెండుసార్లు తిప్పి చూసి జేబులో పెట్టుకున్నాడు. తర్వాత చొక్కా లోపలి నుంచి షీటు తీసి, మడతలు సవరించి, నా గల్లాపెట్టె మీద పెట్టాడు.

"ఇదేమిటి, నీ దగ్గరే ఉంచుకో."

"వద్దు బావూ. పుస్కరాలప్పుడు మీరు పట్టుకుపోయిన కాయితం మల్ల తేలేదు. నాను తెచ్చినాను." గౌరయ్య నవ్వాడు. "ఇంక తమరు నాకేటీ బాకీ లేరు."